13వ నంబరులో ఉన్నదెవరు?

అశోక్‌నగర్‌లో గది అద్దెకు తీసుకుని గ్రూప్స్‌కు చదువుతున్నాడు మా మేనల్లుడు. ఒక సాయంత్రం చిక్కడపల్లి నగర కేంద్ర గ్రంథాలయం దగ్గర కలిశాను. మెట్ల మీద కూర్చుని బీసీ జాబితా బట్టీ పడుతున్నాడు. బీసీ-ఈ దగ్గరకొచ్చేసరికి ఆగాడు. అందులో 14 వరుసలు. అత్తరు సాయిబులు, ముస్లిం ధోబీలు, ఫకీర్లు, గారడీ సాయిబులు, హజాంలు, ఖురేషీలు, షేక్‌లు... 12 దాకా గడగడా చదివాడు. 13 దగ్గర వేలు ఆనించి తలెత్తాడు.

"సిద్ది, యాబ, హబ్షీ, జాసి. మామా, గీళ్లెవరే? ఒక్కరంటే ఒక్కరిని సూడలే నేను."

"మొన్న నారాయణగూడ సదర్‌లో ఎగిరినవ్ గదా. ఆ దరువు వాళ్లదే" అన్నాను.

వాడు నమ్మలేదు. నమ్మేలా చెప్పాలంటే లెక్కలు కావాలి. పోటీ పరీక్షల పిల్లలకు అంకె లేని మాట చెవికెక్కదు. అక్కడి ఇరానీ హోటల్లో చాయ్ ముందు పెట్టుకుని మొదలుపెట్టాను. చాయ్ పోసే ఇరానీల తాతముత్తాతలు ఎక్కువగా ఇరాన్‌లోని యజ్ద్ వైపు నుంచి వచ్చినవాళ్లు. ఆ దేశం పేరు ఈ కథలో మళ్లీ వస్తుంది.

ముందు బీసీ-ఈ వాటా అయిన 4 శాతం అనే అంకె చూద్దాం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఎస్సీలకు 15, ఎస్టీలకు 6, బీసీలకు నాలుగు గ్రూపుల్లో కలిపి 25 శాతం రిజర్వేషన్లు ఉండేవి. మొత్తం 46. సుప్రీంకోర్టు గీసిన గీత 50 దగ్గర ఉంది. ముస్లింలకు 5 శాతమిస్తే 51 అవుతుంది, గీత దాటుతుంది. మిగిలింది 4 కాబట్టి 2007 చట్టంలో 4 శాతమిచ్చారు. వెనుకబాటును కొలిచి తేల్చిన అంకె కాదిది, 50 లోంచి 46 తీసేస్తే మిగిలిన అంకె. 2010 ఫిబ్రవరిలో హైకోర్టు ఆ చట్టాన్ని కొట్టేసింది. మార్చిలో సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చి ఈ 14 వర్గాలకు కొనసాగించమంది. అప్పటినుంచి ఆ ఉత్తర్వు మీదే బండి నడుస్తోంది.

అంటే నూరు ఉద్యోగాల్లో నాలుగు. ఆ నాలుగింటికి 12వ వరుసలోని షేక్‌లు లక్షల్లో ఉన్నారు. వాళ్ల వెనకాలే 13వ వరుసలో మన సిద్దీలు నిలబడి ఉన్నారు. వరుస ఉంది, పేరు ఉంది, ఒకటికి నాలుగు పేర్లున్నాయి. తలకాయల లెక్క మాత్రం జాబితాలో లేదు.

వేరే రాష్ట్రాల్లో ఉంది. గుజరాత్‌లో సిద్దీలు షెడ్యూల్డు తెగ. కర్ణాటకలో 2003లో ఉత్తర కన్నడ జిల్లా సిద్దీలను ఎస్టీల్లో చేర్చారు. ఎస్టీలైతే జనగణనలో తెగ పేరుతో లెక్కిస్తారు. 2011లో అలా లెక్కపెడితే కర్ణాటకలో 10,477 మంది, గుజరాత్‌లో 8,661 మంది, డామన్ డయ్యూలో 193, గోవాలో 183. కూడితే 19,514. మా వాడు ఫోన్‌లో కూడి చూసి తలూపాడు. "మరి హైదరాబాద్?" సున్నా. మనుషులు లేక కాదు. ఇక్కడ వాళ్లు బీసీలు, 2011 జనగణన బీసీ కులాల్ని అడగలేదు. కర్ణాటక దండేలి అడవి పక్కన పుట్టిన సిద్ది దేశం లెక్కలో ఒకటి. మాసబ్‌ట్యాంక్ పక్కన పుట్టిన సిద్ది ఆ లెక్కలో ఏమీ కాడు.

మాసబ్‌ట్యాంక్ అన్నాను కదా, దాని పక్కనే ఏసీ గార్డ్స్. చిక్కడపల్లి నుంచి ఐదారు కిలోమీటర్లు. ఆటో ఎక్కి ఏసీ గార్డ్స్ అంటే తీసుకుపోతారు గానీ ఏసీ అంటే ఏమిటో అడిగితే నూటికి తొంభైమంది నవ్వేసి ఊరుకుంటారు. ఆఫ్రికన్ క్యావల్రీ గార్డ్స్. నిజాం కొలువులో ఆఫ్రికన్ల గుర్రపు దళం అది. ఆ దళం ఉన్న చోటుకు పాత పేరు సిద్ది రిసాలా. రిసాలా అంటే అశ్వదళం.

ఈ దళం మూలం వెతుక్కుంటూ పోతే మనం నిజాం దర్బారులో కాదు, ఒక తెలుగు సంస్థానంలో తేలతాం. అదే వనపర్తి. 19వ శతాబ్దంలో వనపర్తి రాజా రామేశ్వరరావు ఆఫ్రికన్లతో ఒక బల్లెపు దళాన్ని, అంగరక్షక దళాన్ని పెంచారు. తర్వాత అది నిజాం సైన్యంలోకి చేరింది. పాలమూరు మెట్టనేలలో, రెడ్డి రాజుల కోటలో ఆఫ్రికన్ రౌతులు! ఇప్పుడా రాజప్రాసాదంలో పాలిటెక్నిక్ కళాశాల నడుస్తోంది. ఇంకో చిత్రం. ఆ వంశంలో చివరి రాజా, తర్వాత మహబూబ్‌నగర్ ఎంపీ అయిన జె. రామేశ్వరరావు స్వతంత్ర భారత దౌత్యాధికారిగా పనిచేసింది ఎక్కడనుకున్నారు? నైరోబీలో, అక్రాలో. పూర్వీకులు ఆఫ్రికన్లను కొలువులో పెట్టుకున్నారు, ఈయన దేశం తరఫున ఆఫ్రికాకు కొలువుకు వెళ్లాడు. చరిత్ర కావాలని చేసిందని అనను గానీ రాసిపెట్టుకోదగ్గ సంగతి.

హైదరాబాద్‌లో ఆఫ్రికా పేర్లు ఇంకా ఉన్నాయి. బేగంబజారు పక్కన సిద్దిఅంబర్ బజార్. తార్నాక అవతల హబ్సిగూడ, హబ్షీల గూడెమని చెప్పుకుంటారు. నారాయణగూడ చౌరస్తాలో నిలబడితే ఏసీ గార్డ్స్‌తో కలిపి ఈ మూడూ పది కిలోమీటర్ల లోపే. రోజూ బస్సు కండక్టర్ నోట విని కూడా మనం ఆ పేర్లలో మనుషుల్ని వినం.

మాటల సంగతి కాస్త విప్పాలి, ఎందుకంటే 13వ వరుసలో చిక్కంతా మాటల్లోనే ఉంది. హబష్ అంటే అరబ్బీలో అబిసీనియా, ఇప్పటి ఇథియోపియా ప్రాంతం. అక్కడివాడు హబ్షీ. సిద్ది అనేది 'సయ్యిదీ' నుంచి వచ్చిందంటారు, నా ప్రభువా అని అర్థం. బానిసగా అమ్ముడుపోయినవాడికి ప్రభువు అనే పేరు ఎలా తగులుకుందో ఆలోచిస్తే నవ్వొస్తుంది, తర్వాత నవ్వు పోతుంది. అయితే దక్కనులో అది ఉత్త వెటకారం కాదు. ఇథియోపియాలో పుట్టి, బాగ్దాదులో చేతులు మారి, అహ్మద్‌నగర్ చేరిన మలిక్ అంబర్ ఆ రాజ్యానికే పేష్వా అయ్యాడు. 1626లో చనిపోయేదాకా మొగలు సైన్యాలకు నిద్ర లేకుండా చేశాడు. 1610లో అతను కట్టించిన ఖడ్కీ పట్నమే తర్వాత ఔరంగాబాద్. నిజాముల తొలి రాజధాని అదే. అంటే హైదరాబాద్‌కు రాకముందు అసఫ్‌జాహీలు కూర్చున్న ఊరు ఒక హబ్షీ వేసిన పునాది మీదిది.

మరి మన దేశపు సిద్దీలందరూ ఇథియోపియా వాళ్లేనా? ఇక్కడ హబ్సిగూడే సమాధానం చెప్పింది. అక్షరాలా హబ్సిగూడే. సీసీఎంబీ ఉన్నది అక్కడే కదా. ఆ సంస్థలో కుమారస్వామి తంగరాజ్ బృందం మరికొందరు శాస్త్రవేత్తలతో కలిసి సిద్దీల జన్యువుల్ని పరిశీలించి 2011లో ఫలితాలు ప్రచురించింది. తండ్రి వైపు, తల్లి వైపు గుర్తుల్ని పట్టి చూస్తే మూలాలు సహారాకు దిగువన బంతూ భాషలు మాట్లాడే జనంలో తేలాయి. స్థానిక భారతీయులతో కలయిక గడిచిన 8 తరాల్లో, అంటే సుమారు 200 ఏళ్లలో జరిగిందని అంచనా కట్టారు. తరానికి పాతికేళ్లు వేసుకుంటే 8 పాతికలు 200. హబ్షీ పేరున్న పేటలోని ప్రయోగశాలే, హబ్షీ అనే మాట వీళ్లకు భౌగోళికంగా సరిపోదని చెప్పినట్టు లెక్క.

200 ఏళ్ల కిందట ఆఫ్రికా తూర్పు తీరం నుంచి మనుషుల్ని ఎటెటు తీసుకుపోయారు? ఇరాన్ మళ్లీ వస్తుందన్నాను కదా, ఇక్కడే.

హిందూ మహాసముద్రంలో గాలి ఏడాదికి రెండుసార్లు దిక్కు మారుతుంది. నైరుతి గాలికి తెరచాప ఎత్తితే జాంజిబారు నుంచి ఓమన్, అక్కణ్నుంచి పర్షియన్ గల్ఫ్, గుజరాత్, కొంకణం. ఈశాన్య గాలికి తిరుగు ప్రయాణం. ఖర్జూరం, గుర్రాలు, ముత్యాలు, దంతం, మనుషులు అన్నీ ఆ గాలి మీదే. 19వ శతాబ్దంలో మస్కట్ సుల్తాన్ చేతిలో జాంజిబారు ఉండేది, ఇరాన్ రేవు బందర్ అబ్బాస్ కూడా ఉండేది. ఆ రేవును 1794 నుంచి 1868 దాకా కౌలుకు తీసుకున్నారు. ఒకే యజమానికి ఒక గట్టున అమ్మకం సంత, ఇంకో గట్టున దిగుమతి రేవు. ఇక వ్యాపారం సాగక ఏం చేస్తుంది?

అలా దిగినవాళ్ల వారసులు ఈరోజుకీ ఇరాన్ దక్షిణ తీరంలో ఉన్నారు. హొర్మోజ్‌గాన్, బూషెహర్, ఖూజెస్తాన్, సిస్తాన్-బలూచిస్తాన్ రాష్ట్రాల్లో. ముత్యాల వేటలో, రేవుల్లో, ఖర్జూర తోటల్లో, ధనికుల ఇళ్లల్లో చాకిరీ చేసినవాళ్ల పిల్లల పిల్లలు. ఇరాన్‌ను ఏలిన ఖజార్ షాల అంతఃపురం ఫొటోల్లోనూ ఆఫ్రికా ముఖాలు కనిపిస్తాయి. 1848లో మొహమ్మద్ షా సముద్రం మీదుగా బానిసల్ని దింపడాన్ని నిషేధించాడు. బానిసత్వాన్ని పూర్తిగా రద్దు చేస్తూ చట్టం వచ్చింది 1929లో. మధ్య 81 ఏళ్లు. జాంజిబారు సంత 1873లో మూతపడింది. మన దగ్గర కంపెనీ ఏలుబడిలో బానిసత్వాన్ని చట్టం గుర్తించబోదని 1843లో అన్నారు, సంస్థానాలకు అది వర్తించలేదు.

ఇరాన్‌లో వాళ్ల సంఖ్య ఎంత? అక్కడి జనగణన మతం అడుగుతుంది, మూలం అడగదు. అక్కడా సున్నాయే. బహ్రామ్ బేజాయీ తీసిన 'బాషూ' సినిమా చూసినవాళ్లకు గుర్తుండాలి. యుద్ధానికి భయపడి దక్షిణం నుంచి లారీ ఎక్కి ఉత్తరాన గిలాన్ పల్లెలో దిగిన నల్లని పిల్లవాణ్ని ఒక ఇల్లాలు వాగు నీళ్లలో రుద్ది రుద్ది కడుగుతుంది, నలుపు పోతుందేమోనని. దురుద్దేశం లేదు. అటువంటి ఒంటి రంగు తన దేశంలోనే ఉంటుందని ఆమెకు తెలియదు, అంతే. "ఒక్కరంటే ఒక్కరిని సూడలే" అన్న మా మేనల్లుడి మాటా అటువంటిదే.

రెండు విషయాల్లో మాత్రం ఆ తీరం నాకు పరాయిగా అనిపించలేదు. అక్కడివాళ్లు మనిషికి 'గాలి' పడుతుందంటారు. జార్ అనేది అలాంటి గాలి. సముద్రం అవతల నుంచి, ఆఫ్రికా నుంచి వచ్చిందని నమ్మకం. గాలి పట్టినవాణ్ని కూర్చోబెట్టి, సాంబ్రాణి వేసి, డోళ్లు వాయించి, అది ఏ గాలో పేరు చెప్పించి శాంతింపజేస్తారు. ఆ తంతు నడిపే పెద్దమగాణ్ని బాబా అని, పెద్దావిణ్ని మామా అని పిలుస్తారు. గాలి సోకిన మనుషుల్ని అహ్ల్-ఎ-హవా అంటారు. గులాం హొసేన్ సాయెదీ 1966లో ఆ పేరుతోనే పుస్తకం రాశాడు. నాసర్ తఖ్వాయీ 1969లో డాక్యుమెంటరీ తీశాడు. మన ఊళ్లో "పిల్లకు గాలి సోకింది" అనే ముసలమ్మకు ఇదంతా విడమరచి చెప్పే పని లేదు. పూనకం తెలిసిన జనానికి జార్ తెలియకపోవడం ఏమిటి?

రెండో చుట్టరికం డోలు. బూషెహర్‌లో మొహర్రం వచ్చిందంటే దమామ్ అనే పెద్ద డోళ్లు, తాళాలు, కొమ్ముబూర మోగుతాయి. ఆ తీరపు బందరీ పాటకు టెహ్రాన్ పెళ్లిళ్లలో భుజాలు కదలకుండా ఉండవు. వాయించేవాడి పుట్టుపూర్వోత్తరాలు అడక్కుండానే దేశమంతా దానికి ఆడుతుంది.

ఇప్పుడు నారాయణగూడకు వద్దాం. హైదరాబాద్ మర్ఫా రెండు పాయలు కలిసిన వాద్యం. ఒక పాయ యెమెన్‌లోని హద్రమౌత్ నుంచి వచ్చిన అరబ్బు సిపాయిలది. వాళ్లనే చావుష్‌లంటాం, వాళ్లున్న బ్యారక్స్ నోట్లో నలిగి బార్కస్ అయింది. రెండో పాయ సిద్దీలది. డోళ్లు, చేతి డప్పులు, బిందె మీద కర్ర దెబ్బ. నిజాం కాలంలో కొలువు సంబరాల్లో, దండు వీధుల్లో మోగిన వాద్యమిది. అందులో ఒక నడక పేరు తీన్‌మార్. తీన్ అంటే మూడు, మార్ అంటే దెబ్బ. ఈ వ్యాసంలో అందరికీ తెలిసిన అంకె ఇదొక్కటే అనుకుంటాను.

ఆ వాద్యం కొలువులోంచి బజారులోకి రావడానికి ఒక తేదీ ఉంది. 1948 సెప్టెంబరు 13న భారత సైన్యం హైదరాబాద్ రాష్ట్రంలోకి అడుగుపెట్టింది, 17న నిజాం లొంగిపోయాడు. అయిదు రోజులు. ఆ తర్వాత రాజూ లేడు, రాజుకు కాపలా దళమూ అక్కర్లేదు. దళాలు రద్దయ్యాయి. గుర్రం పోయింది, జీతం పోయింది, చదువు ముందునుంచీ లేదు. చేతిలో మిగిలింది డోలు. ఏసీ గార్డ్స్ కుటుంబాలు మర్ఫా జట్లు కట్టి పెళ్లి బరాత్‌లకు బయల్దేరాయి. మొదట పాతబస్తీ నిఖాలకు, ఆ తర్వాత అందరి పెళ్లిళ్లకు. గణపతి నిమజ్జనానికి చిక్కడపల్లి, ఆర్టీసీ క్రాస్‌రోడ్స్ మీదుగా ట్యాంక్‌బండ్‌కు లారీలు కదిలినప్పుడు మోగేది, బోనాల్లో పోతరాజు ముందు మోగేది, దీపావళి తర్వాత నారాయణగూడ సదర్‌లో దున్నపోతు ముందుకాళ్లెత్తి నిలబడితే యాదవుల పిల్లలు ఈలలేస్తూ ఎగిరేదీ ఆ మూడు దెబ్బలకే. 2011లో పవన్ కల్యాణ్ సినిమాకు అదే పేరు పెట్టారు. తెలంగాణలో టీవీ వార్తల కార్యక్రమానికీ అదే పేరు.

డప్పు మనదే కదా, తీన్‌మార్ మనది కాకుండా ఎలా పోతుందని ఎవరైనా అడగవచ్చు. న్యాయమైన ప్రశ్న. మన డప్పుకు తన దరువులు తనకున్నాయి, వాటి ఊరు పేరు వేరు. రెండూ బజారులో కలిశాయి, ఒకదాన్నొకటి పట్టుకున్నాయి, ఈనాటి బ్యాండు మేళంలో విడదీయలేం. విడదీయాల్సిన పనీ లేదు. పేరు చెప్పడం ఒక్కటే బాకీ. ఈ మధ్య ఆ బాకీ ఇంకా పెరుగుతోంది, ఎందుకంటే డీజే పెట్టెలొచ్చాక మర్ఫా జట్టును పిలిచేవాళ్లు తగ్గారు. పెట్టెలోంచి వచ్చేదీ తీన్‌మారే. కొట్టే చెయ్యి మాత్రం అక్కర్లేకుండా పోయింది.

చాయ్ చల్లారింది. మావాడు నోట్‌బుక్‌లో రాసుకున్నాడు: 14లో 13, 4 శాతం, 19,514, 8 తరాలు, 81 ఏళ్లు, 5 రోజులు, 3 దెబ్బలు. "ఎగ్జామ్‌ల వస్తదా మామా?" అన్నాడు. వచ్చినా ఒక మార్కు.

పరీక్షను మించిన పని ఒకటి ముందుంది. రాబోయే జనగణనకు 2027 మార్చి 1ని ప్రామాణిక తేదీగా కేంద్రం ప్రకటించింది. ఈసారి అందరి కులమూ అడుగుతారు. స్వతంత్ర భారత జనగణనలో ఇది మొదటిసారి. ఏసీ గార్డ్స్‌లో ఒక ఇంటి తలుపు తట్టిన లెక్కింపుదారు తొందరలో "ముస్లింలే కదా, షేక్ అని రాసేద్దాం" అనుకుంటే చాలు, 13వ వరుస 12లో కలిసిపోతుంది, మళ్లీ పదేళ్ల దాకా విడదీసేవాడుండడు. పేర్లు నాలుగుండటం ఇంకో గండం. ఒకే వీధిలో ఒకరు సిద్ది, ఒకరు హబ్షీ అని రాయిస్తే లెక్క ముక్కలవుతుంది. ఆ నాలుగు పేర్లనూ ఒకే వరుస కింద కూడితేనే హైదరాబాద్ పక్కన సున్నా తీసేసి అసలు అంకె వేయగలుగుతాం. 4 శాతంలో వాళ్లకు అందిందెంతో తేల్చడానికి కూడా అదే మొదటి మెట్టు.

లెక్కింపుకు వెళ్లేది ఎక్కువగా మన బడి పంతుళ్లే. మీ ఇంట్లోనో మీ వీధిలోనో టీచరమ్మ ఉంటే, మాసబ్‌ట్యాంక్ వైపు డ్యూటీ పడితే, బీసీ-ఈ జాబితా ఒకసారి చూసుకుని వెళ్లమనండి. 13వ వరుసకు ఇంటివాళ్లు చెప్పిన పేరే, వాళ్లు చెప్పినట్టే రాయమనండి.